బిజోయ్ వాళ్ళ అమ్మాయి

ఒక్క మాటకి అర్థం అడగనందుకు ఎయిర్‌పోర్ట్‌లో పదిమంది ముందు నా పరువెలా పోయిందో చెబుతాను. నవ్వుకోండి, నాకు అలవాటైపోయింది.

అప్పుడు అమెరికాలో, ప్లేనోలో ఉద్యోగం, ఇరవై ఏడేళ్ళ వయసు. వచ్చిన సంబంధాలన్నీ నా ఫోటో దగ్గరే తప్పిపోతున్నాయి. నా రూమ్మేట్ బిజోయ్ మలయాళీ. నా పుణ్యమా అని నాలుగు తెలుగు ముక్కలు నేర్చుకున్నాడు. ఒకరోజు అన్నాడు:

"శనివారం అమ్మాయి వస్తుంది రా. నాకు ఆఫీస్‌లో రిలీజ్ ఉంది. నువ్వు పికప్ చేస్తావా?"

"అమ్మాయా! ఎక్కడ ఉంటుంది?"

"మన ఇంట్లోనే, మూడు నెలలు. నీ ఫోటో చూపించాను. పెళ్ళి కాలేదంటే చాలా హ్యాపీ అయింది."

నా ఫోటో చూసి సంతోషించిన మొదటి మనిషి! "మరి నేనెలా గుర్తుపట్టాలి?"

"నువ్వెందుకు? తనే నిన్ను పట్టుకుంటుంది."

ఆలూ లేదు చూలూ లేదు, మలయాళీ కోడలికి మా అమ్మనెలా ఒప్పించాలా అని నేనప్పుడే రిహార్సల్ మొదలుపెట్టాను. క్షవరం చేయించుకున్నాను. కొత్త చొక్కా, డజను ఎర్ర గులాబీలు కొన్నాను. సెంటు ఎంత కొట్టానంటే, అద్దాలు దించి డ్రైవ్ చేయాల్సి వచ్చింది.

ఎయిర్‌పోర్ట్‌లో నిలబడి చూస్తుంటే, అరవై దాటిన ఒకావిడ, నేత చీర కట్టుకుని, తాడుతో బిగించిన అట్టపెట్టెతో తిన్నగా నా ముందుకొచ్చి ఆగింది.

"బిజోయ్ ఫ్రెండ్?"

"యెస్ ఆంటీ. అమ్మాయి ఎక్కడ?" ఆవిడ భుజం మీంచి మెడ చాచాను.

"అమ్మాయి!" అంది గుండెల మీద చెయ్యేసుకుని.

"అయ్యో, మీరు కాదు ఆంటీ! అమ్మాయి... అమ్మాయి!"

"యెస్, యెస్! బిజోయ్ అమ్మాయి!" అని ఆవిడ ఇంకా గట్టిగా అరిచింది. జనం ఆగి మరీ చూశారు.

బిజోయ్‌కి ఫోన్ చేశాను. "ఒరేయ్, మా భాషలో అమ్మాయంటే అత్త! మీకు కాదా?" అన్నాడు.

ఈలోగా గులాబీలు ఆవిడ చేతుల్లోకి వెళ్ళిపోయాయి. "మా ఆయన పోయాక నాకు పూలిచ్చింది నువ్వే మోనే," అంది ఇంగ్లీషులో. మోనే అంటే వాళ్ళ భాషలో 'నాయనా' అట. ఆవిడ కళ్ళు చెమర్చాయి. అవి ఎవరికోసం తెచ్చానో చెప్పడానికి నాకు నోరు రాలేదు.

ఆ మూడు నెలలూ పొద్దున్నే బియ్యప్పిండితో ఆవిరి మీద ఉడికించిన పుట్టు, శనగల కూర. తడి తువ్వాలు మంచం మీద వేస్తే మలయాళంలో తిట్లు. నాకు పెళ్ళి కాలేదంటే ఆవిడెందుకు సంతోషించిందో అప్పుడర్థమైంది: వండిపెట్టడానికి ఇంకొకడు దొరికాడని. ఆవిడ వెళ్ళిన రోజు వంటింట్లోకి వెళ్ళబుద్ధి కాలేదు. అంత ఆప్యాయంగా నన్ను మళ్ళీ ఎవరూ తిట్టలేదు, నిజం.

ఇప్పటికీ నా పుట్టినరోజుకి తప్పకుండా ఫోన్ చేస్తుంది. మొన్న నేను స్నానంలో ఉండగా ఫోన్ మోగింది. మా ఆవిడ తలుపు బాదింది.

"ఏవండీ, ఎవరీ 'అమ్మాయి'? పక్కన ఎర్ర గులాబీ బొమ్మ కూడానా!"

ఇందుమూలంగా ప్రతిజ్ఞ చేస్తున్నాను: ఇకమీదట ఏ భాష అత్త పేరైనా నా ఫోన్‌లో తెలుగులో రాసుకోను.