మా కామర్స్ మేడమ్ చెప్పిన ఆటల కంపెనీ చరిత్ర

గత మంగళవారం ఉదయం ఖమ్మంలోని ఒక దవాఖానాలో మా కామర్స్ మేడమ్ కన్నుమూశారు. గురువారం కళాశాలలో సంతాప సభ జరిగింది. పాలకమండలి సభ్యులొకరు ఆమె ఫోటోకు దండ వేసి, మైకు ముందుకు వచ్చి ఇలా అన్నారు: "మంచి మనిషి. కాకపోతే సిలబస్ పక్కకు పెట్టి పిల్లలకు వీడియో గేముల ముచ్చట్లు చెప్పింది." కొందరు నవ్వారు. ఆ నవ్వు ఆగకముందే ఆయన రెండో మాట కూడా చెప్పారు. శనివారం మేడమ్ తీసుకునే ఆ ఒక్క గంటను ఇకనుంచి పోటీ పరీక్షల కోచింగ్‌కు ఇవ్వాలని ప్రతిపాదన వచ్చిందట. సోమవారం దానిపై నిర్ణయం జరుగుతుంది.

చనిపోయిన మనిషి తన తరఫున మాట్లాడుకోలేరు. నేను ఆమె విద్యార్థినిని, మూడేళ్లు ఆమె గంటలో ముందు బెంచీ మీద కూర్చున్నదాన్ని. కనుక ఆ అభియోగానికి జవాబు చెప్పే బాధ్యత నాది.

ముందుగా ఒప్పుకోవలసింది ఒప్పుకుంటాను. మేడమ్ వీడియో గేముల గురించి చెప్పిన మాట నిజం. రెండు పాఠాలను సంవత్సరం చివర హడావుడిగా ముగించిన మాటా నిజమే. ఆ రెండింట్లోనే నాకు మార్కులు తగ్గాయి. ఆమె కూడా దాన్ని దాచలేదు. "అవి నా వల్లనే పోయినయ్, తిట్టుకోండి" అని క్లాసులోనే చెప్పారు. కాని ఆమె చెప్పినవి ముచ్చట్లు కావు. ఒక కంపెనీ చరిత్ర.

మొదటి శనివారం ఆమె బోర్డు మీద వీడియో గేమ్ అని రాయగానే వెనక బెంచీలు ఒక్కసారిగా మేల్కొన్నాయి.

"మేడమ్, ల్యాబ్ల ఆడిపిస్తరా?" అని అడిగాడొకడు.

"ఆడుడు మీకొచ్చు. ఆడిపిచ్చేటోడు ఎవడో సూద్దాం."

ఆ కంపెనీ పేరు ఇక్కడ రాయను, అవసరం లేదు. ఎక్కడో చలిదేశంలో, చిన్న ఊళ్లో, క్యాసెట్లు కిరాయికిచ్చే దుకాణంగా అది మొదలైంది. ఆటలు తయారుచేసే కంపెనీలు దివాలా తీసినప్పుడల్లా ఆ దుకాణదారు వెళ్లి, పాత ఆటల పేర్ల మీది హక్కులు మాత్రం కొనేవాడు. తరువాత ఆటలు తయారుచేసే స్టూడియోలనే కొన్నాడు. ఆపైన స్టూడియోలను కొన్న కంపెనీలను కొన్నాడు. చివరికి అన్నింటి మీదా ఒక హోల్డింగ్ కంపెనీని కూర్చోబెట్టాడు. అది ఒక్క ఆట కూడా తయారుచేయదు. కింది కంపెనీల వాటాలను పట్టుకొని కూర్చోవడమే దాని పని. కొన్నాళ్లకు, డబ్బు పెడతానన్న పెద్ద భాగస్వామి రాలేదు. స్టూడియోలు ఒకటొకటిగా మూతపడ్డాయి. మిగిలిన కంపెనీని ముక్కలుగా విడదీసి, ఒక్కో ముక్కకు ఒక్కో కొత్త పేరు పెట్టారు.

ఈ వరసనంతా మేడమ్ బోర్డు మీద డబ్బాలు డబ్బాలుగా గీసేవారు. పుస్తకంలో హోల్డింగ్ కంపెనీ పైన ఉంటుంది, బాణాలు కిందికి దిగుతాయి. మేడమ్ మాత్రం నేల మీద గొంతుకూర్చొని, బోర్డు అడుగున ఆట తయారుచేసే మనిషితో మొదలుపెట్టి పైకి గీసుకుంటూ పోయేవారు. చీర కుచ్చిళ్లకు సుద్దపొడి అంటేది. ఎందుకలా అని అడిగితే ఆమె చెప్పిన మాట నా నోటుపుస్తకం మొదటి పేజీలో ఉంది: "పైనుంచి గీసుకుంట వస్తే మన దగ్గరికొచ్చేసరికి బోర్డు అయిపోతది."

ఆ బోర్డు అడుగున ఉన్న డబ్బాల్లో ఒకటి హైదరాబాదులోని స్టూడియో. మేడమ్ అందులో డైరెక్టర్ల బోర్డు సమావేశాల కాగితాలు రాసే ఉద్యోగం చేశారు. ఆ సంగతి మాకు రెండో సంవత్సరంలో గాని తెలియలేదు. అదీ మేము గుచ్చిగుచ్చి అడిగితే చెప్పారు.

"స్టూడియో మూసెయ్యాలని తీర్మానం టైప్ చేసింది నేనే. అండ్ల నా ఉద్యోగం గూడ ఉన్నది. ఒక్క తప్పు లేకుంట చేసిన."

"ఏడుపు రాలేదా మేడమ్?"

"వచ్చింది. టైపింగ్ అయినంక."

ఆ తరువాత ఆమె సొంతూరు టేకులపల్లికి తిరిగి వచ్చి, మా కళాశాలలో చేరారు. ఆ కంపెనీ మీద ఆమె కక్ష తీర్చుకున్నారని అనుకునేవారికి ఒక మాట. అందరూ వదిలేసిన పాత ఆటలకు మళ్లీ ప్రాణం పోసిందీ, తనకు ఆరేళ్లు ఇష్టమైన పని ఇచ్చిందీ ఆ కంపెనీయేనని ఆమె ప్రతి ఏడాదీ మొదట చెప్పేవారు. మూసివేతల సంగతి ఆ తరువాతే.

నేను అంత నిదానస్తురాలిని కాను. ఆ చరిత్రనే పట్టుకుని అంతర కళాశాలల వక్తృత్వ పోటీలో నిప్పులు చెరిగాను. ఆ కంపెనీ స్టూడియోలను చంపిందని బల్ల గుద్ది చెప్పాను. కప్పు గెలిచాను. తిరుగు బస్సులో మేడమ్ పక్కన కూర్చుని, మెచ్చుకుంటారని ఎదురుచూశాను.

"ఏ కంపెనీ చంపిందే?"

"అదే మేడమ్, పైనున్నది."

"పైనున్నది మూయలే. మూసింది కింది కంపెనీ బోర్డు. ముగ్గురు సంతకం పెట్టిన్రు. పెట్టమని చెప్పిందెవరో, ఏ కాగితంల చెప్పిన్రో అడిగినవా?"

"లేదు మేడమ్."

"మరి అంతసేపు ఎవర్ని తిట్టినవ్?" ఆమె తన టిఫిన్ డబ్బా తెరిచి సగం పులిహోర నా చేతిలో పెట్టారు. "కోపం మంచిదే బిడ్డా. ముందు దానికి అడ్రస్ రాయి."

ఆ రోజు నాకు ఒళ్లు మండింది. ఇప్పుడు ఆ మాట తలచుకుంటే కృతజ్ఞత తప్ప మరొకటి మిగల్లేదు. కారణం చెబుతాను.

మా నాన్న బొగ్గు ఓపెన్‌కాస్టు గనిలో కాంట్రాక్టు కింద డంపర్ లారీ నడుపుతారు. ఒకనాడు ఆయన తోటి డ్రైవరు కాలు టైరు కింద నలిగింది. ఆ మనిషిని గోనెసంచుల మీద పడుకోబెట్టి, సామాన్ల బండిలో దవాఖానాకు చేర్చారు. పని జరిగేచోట ఒక అంబులెన్సు ఎప్పుడూ ఉండాలని డ్రైవర్లంతా తమ కంపెనీ పేరిట గని ఆఫీసులో అర్జీ పెట్టారు. అది తిరిగొచ్చింది. మళ్లీ పంపారు. మళ్లీ తిరిగొచ్చింది. ఆ పేరుతో అక్కడ పని చేసే సంస్థ లేదని జవాబు.

నేను సంగతి చెబితే, ఒక ఆదివారం మధ్యాహ్నం మేడమ్ మా ఇంటికి వచ్చి, చాప మీద కూర్చుని అర్జీ చదివారు.

"ఈ పేరు యాడికెళ్లి రాసిన్రన్నా?"

"బండి మీదున్నది గదమ్మా, ఇంతింత అక్షరాలు" అన్నారు నాన్న.

ఆ డంపర్లు వేరే కాంట్రాక్టరు దగ్గర కొన్న పాత బండ్లు. వాటి మీది పేరును ఎవరూ చెరపలేదు. ఏళ్ల తరబడి ఆ బండ్లు నడిపిన మనుషులు, బండి తలుపు మీద రాసి ఉన్న పేరే తమ యజమానిదని నమ్మారు. మేడమ్ నవ్వలేదు. గేట్ పాసు అడిగారు. అందులో రెండో పేరు ఉంది. పని ఒప్పందం నకలు తెప్పించారు. అందులో మూడో పేరు ఉంది. పాత క్యాలెండర్ వెనక, అడుగున మా నాన్న పేరు రాసి, దాని మీద డబ్బాలు పేర్చుకుంటూ పోయారు. గేట్ పాసులోని సంస్థ, ఒప్పందంలోని సంస్థకు పిల్ల కంపెనీ అని తేలింది. అంబులెన్సు ఉంచుతామన్న షరతు మీద సంతకం పెట్టింది తల్లి కంపెనీ.

"ఇదంతా మా పిల్ల చెప్పే ఆ ఆటల కంపెనీ కథ లెక్కనే ఉన్నదా అమ్మా?" అని నాన్న అడిగారు.

"అవ్ అన్నా. బొమ్మలు మారినయ్, గంతే."

మూడో అర్జీ రెండు సంస్థలకూ, సంతకం పెట్టిన వ్యక్తుల పేర్లతో వెళ్లింది. కొన్ని వారాల తరువాత అంబులెన్సు వచ్చింది. ఇప్పటికీ అక్కడే నిలబడి ఉంది. పాలకమండలి పెద్దలు ముచ్చట్లు అన్నది దీన్నే.

మేడమ్ చనిపోవడానికి పది రోజుల ముందు నేను దవాఖానాకు వెళ్లాను. ఆమె గొంతు చాలా సన్నగిల్లింది. పక్క మంచం దగ్గర కూర్చున్న ఒక అమ్మాయి ఫోనులో ఏదో ఆట తెరిచింది. మొదట తెర మీద ఒకటి తరువాత ఒకటిగా కంపెనీల గుర్తులు వస్తుంటే, అందరిలాగే వేలితో తోసేయబోయింది.

"ఆగు బిడ్డా, చదవనియ్యి" అన్నారు మేడమ్.

ఆ అమ్మాయి ఫోను ఇటు తిప్పింది. మేడమ్ కళ్లజోడు సర్దుకుని పేర్లు ఒక్కొక్కటిగా చదివారు. చివరి పేరు కొత్తది, నేనెప్పుడూ వినలేదు. ఆ ఆట మాత్రం ఆమె హైదరాబాదు స్టూడియోలో తయారైనదట. ఎన్నో చేతులు మారి, ఇంకో సంస్థ కిందికి చేరింది.

"బతికే ఉన్నది" అన్నారామె. తరువాత ఆ అమ్మాయితో, "ఇగ ఆడుకో" అన్నారు.

మిత్రులారా, పోటీ పరీక్షల మీద నాకు పగ లేదు. నేనూ రాస్తాను. వాటికి వారంలో ఇంకే గంటైనా ఇవ్వండి. నా డిమాండ్ ఒక్కటే. సోమవారం ప్రిన్సిపాల్ గారి గది ముందుకు రండి. పాలకమండలి పెద్దలూ, విద్యార్థులూ, పూర్వ విద్యార్థులూ, ప్రతి ఒక్కరూ ఒక తెల్లకాగితం తెచ్చుకోండి. మీరు గాని, మీ ఇంటివాళ్లు గాని పనిచేసే చోటికి అసలు యజమాని ఎవరో ఎవరినీ అడగకుండా దాని మీద రాయండి. రాయగలిగినవారు ఆ గంటను తీసేయమని చెయ్యెత్తండి. కాగితం ఖాళీగా మిగిలినవారు, ఆ ఖాళీ కాగితాన్నే పైకెత్తి పట్టుకొని, శనివారం క్లాసు చెప్పే మనిషిని తీసుకొచ్చేదాకా అక్కడినుంచి కదలకండి.