దేగ్చాలో కాల్చిన నల్ల రొట్టె

మొన్న మా మనవరాలు బజారు నుంచి ఒక నల్లటి రొట్టె తెచ్చి, "అమ్మమ్మా, ఇది రై బ్రెడ్డు. ఆ మైదా రొట్టెలు మానేసి ఇకనుంచి ఇదే తిను, షుగరుకు మంచిది" అని నా ఒళ్లో పెట్టింది. కవరు విప్పగానే పుల్లపుల్లగా, కొంచెం మాడిన వాసన. అంతే, నా చెవులు వేడెక్కిపోయాయి. పిల్ల కంగారుపడి బీపీ మిషను తెస్తానంది. బీపీ లేదు, నా మొహం లేదు. అది సిగ్గు. ఇన్నేళ్లు గడిచినా నల్ల రొట్టె కనబడితే నాకు సిగ్గేస్తుంది. ఈ మాట మనవరాలితో అంటే పడీపడీ నవ్వుతుంది. మీకైతే చెబుతాను, మీరు నవ్వినా నాకు కనబడదు కదా.

మా బాపు నిజామాబాద్ వైపు ఒక మిషను దవాఖానలో వంటమనిషి. అక్కడి విదేశీ డాక్టరమ్మకు తెల్ల రొట్టె గొంతు దిగేది కాదట. వాళ్ల దేశంలో రై అనే గింజల పిండితో నల్లగా, బరువుగా రొట్టె చేసుకుంటారు. ఆ గింజలు ఇక్కడెక్కడ దొరుకుతాయి? మా బాపు తైదలు, అంటే రాగులు, గిర్నిలో పట్టించి, ఆ పిండిలో గోధుమపిండి కలిపి ఆమెకు నచ్చేట్టు చేయడం పట్టుకున్నాడు. పెరుగుకు తోడు దాచినట్టు పోయినసారి పిండిలోంచి ఒక ముద్ద ముంతలో దాచేవాడు. అది కలిపితే కొత్త పిండి తెల్లారేసరికి పులిసి పొంగేది. ఉప్పు, ఇంత బెల్లం, అంతే. దేగ్చాలో ఇసుక పోసి, మధ్యలో పిండి గిన్నె పెట్టి, కింద బొగ్గుల కుంపటి, మూత మీద నిప్పులు. బిర్యానీకి దమ్ము పెట్టినట్టే. కాలిన రొట్టెను బోర్లించి అడుగున వేలితో కొడితే బోలుగా మోగాలి. నేను కాపురానికి పాతబస్తీలోని ఛత్రినాకకు వచ్చేటప్పుడు ఆ పులుపు ముంతను చీరల మధ్య పెట్టి తెచ్చుకున్నాను. బస్సు కుదుపులకు అది పొంగి నా పెళ్లి చీరకు పట్టించిన వాసన ఎన్ని ఉతుకులకూ పోలేదు.

అది డెబ్బైల చివరి మాట. మా అత్తమ్మకు ఆ రొట్టె మహా ఇష్టం. పొద్దున్నే చాయిలో ముంచుకొని తిని, "మస్తుగున్నది పిల్లా, పగటీలి దాక ఆకలి గాదు" అనేది. రొట్టె నచ్చింది గానీ, దాన్ని నేర్పిన మనిషి పనే ఆమెకు మింగుడు పడలేదు. మామయ్య వర్క్‌షాపులో ఫోర్‌మన్. చర్చిలో అత్తమ్మ కూర్చునేది ముందు చాప మీద. వంటవాడితో వియ్యమంటే నామోషీ. అందుకని పెళ్లికి ముందే మా బాపును కంపౌండర్ని చేసేసింది. నాకు తర్ఫీదు కూడా ఇచ్చింది. "ఎవలన్న అడిగితే దవాఖానల పనిజేస్తడని చెప్పు. ఏం పని అని అడిగేదాక ఆగకు, పొయ్యి మీద పాలున్నయని లోపలికి రా" అంది. ఆ పాలు మా ఇంట్లో ఎన్నిసార్లు పొంగాయో ఆ దేవుడికే తెలుసు. నాకు అది తప్పనిపించలేదు. పైగా హాయిగా అనిపించింది. నాకూ నామోషీగానే ఉండేది మరి.

ఇంతలో కోతల పండుగ వచ్చింది. మా పాతబస్తీలో కోయడానికి చేనెక్కడుంది? అయినా పండుగ మాత్రం ఘనంగా చేసేవాళ్లం. ఎవరికి చేతనైనది వాళ్లు దేవుడికి తెస్తారు. గుమ్మడికాయ, కోడిపుంజు, గారెలు, కేకు, ఏదైనా సరే, ఆరాధన అయ్యాక షామియానా కింద వేలం పెడతారు. వండిన వస్తువైతే పాడుకున్న వాళ్లు అక్కడికక్కడే కోసి అందరికీ తలా ఒక ముక్క పంచాలి, అది మా ఆనవాయితీ. అత్తమ్మ ముందే, "మా కోడలు ఈసారి దొరల రొట్టె తెస్తది" అని చర్చంతా చాటి వచ్చింది. నేను ఎప్పటి గిన్నె తీయబోతే చేయి పట్టుకుంది. "గింతంత రొట్టె వేలంల పెడితే ఇజ్జత్ పోతది. పెండ్లి దేగ్చ ఉన్నది గద, దాని నిండ జెయ్యి." అంత పెద్దది లోపల ఉడకదు అత్తమ్మా అని నోటి దాకా వచ్చింది. కొత్త కోడల్ని, ఎట్లా అంటాను? చేశాను. పైన నిప్పుల మీద నిప్పులు పోశాను. పైన పెచ్చంతా బొగ్గయింది. వేలితో కొడితే బోలుగానే మోగింది. చల్లారే టైము కూడా లేక తువ్వాలలో చుట్టి ఆటోలో పెట్టుకొని పోయాం.

వేలం పాడించేది ఒక డ్రిల్లు సారు, నోరు తిరిగిన మనిషి. రొట్టెను రెండు చేతులతో ఎత్తి, "దొరల రొట్టె! దొరసానులు తినే రొట్టె!" అని ఊరించాడు. పాట బాగా సాగింది, చివరికి పాస్టరమ్మ పాడుకుంది. అత్తమ్మ మెడ ఇంత పొడుగు సాగింది. పాస్టరమ్మ కత్తి దించింది. దిగిన కత్తి పైకి రాలేదు. బలంగా లాగితే జిగట జిగటగా నల్లటి పచ్చిపిండి కత్తిని పట్టుకొని సాగుతూ వచ్చింది. డ్రిల్లు సారు వంగి చూసి, "ఏందమ్మా గిది, ధూల్‌పేట్ల బొమ్మలు జేసే మట్టి లెక్కున్నది!" అన్నాడు. జనం గొల్లుమన్నారు. అంతటితో ఊరుకున్నాడా? "మీ నాయిన కంపౌండరు గద బిడ్డా, మందు గిట్ల కలిపినవా?" అన్నాడు. మళ్లీ నవ్వులు. నాకు తల కొట్టేసినట్టయింది. భూమి చీలితే బాగుండుననిపించింది. కొంగు నోట్లో కుక్కుకొని చాప పోగులు పీకుతూ కూర్చున్నాను.

అప్పుడు లేచింది మా అత్తమ్మ. "నవ్వుడు సాలియ్యుండ్రి" అంది. "ఈ పిల్ల నాయిన కంపౌండరు గాదు. దవాఖానల వంటోడు. కంపౌండరని అబద్ధం జెప్పింది నేను. ఆయన జేసే రొట్టె గింతంతనే ఉంటది, మంచిగ కాలుతది. దేగ్చ నిండ జెయ్యమని జబర్దస్తి జేసింది గూడ నేనే. గది నా రొట్టె. నవ్వితే నన్ను జూసి నవ్వుండ్రి, పిల్లను గాదు, ఆ పెద్దమనిషిని అసలే గాదు." పాస్టరమ్మ కత్తి పక్కన పెట్టేసింది. డ్రిల్లు సారు గొంతు సవరించుకొని కోడిపుంజును అందుకున్నాడు.

నేనేం చేశాననుకున్నారు? ఆమె చెంగు పట్టుకొని కిందికి లాగాను, కూర్చో, ఇక చాలు అని. ఎందుకంటే పచ్చి రొట్టెకు కాదు, ఆ "వంటోడు" అన్న మాటకే నాకు ఎక్కువ సిగ్గయింది. ఇంటికి వచ్చేదాకా ఆటోలో అత్తమ్మ ఆ సగం కోసిన రొట్టెను ఒళ్లో పెట్టుకొని కూర్చుంది, నేను మొహం బయటికి తిప్పుకొని కూర్చున్నాను. తన పరువు ఆమె ఎంతో కష్టపడి కూడబెట్టుకుంది. దాన్నంతా తీసి ఎప్పుడో ఒకసారి చూసిన మా బాపుకు అడ్డం పెట్టిందని ఆ వయసులో నాకు తట్టలేదు. అంతమంది ముందు ఆ రోజు మా బాపును చూసి సిగ్గుపడనిది ఆమె ఒక్కతే. నాకు అది తెలిసొచ్చేసరికి ఆమెకు చెప్పుకొనే కాలం దాటిపోయింది, నాకు ఆమె వయసు వచ్చేసింది.