తాళం డబ్బాకు దసరా పూజ

కల్వకుర్తిలో మా స్టూడియోకు ఒక కంప్యూటర్ ఉండేది. పెళ్లి క్యాసెట్లకు పేర్లు, పూలు అతికించేది దాంట్లోనే. అందులోని ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌కు లైసెన్సంటే కాగితం కాదు, అగ్గిపెట్టెంత నల్ల డబ్బా. కంప్యూటర్ వెనక దాన్ని గుచ్చితేనే సాఫ్ట్‌వేర్ తెరుచుకునేది. లేకుంటే 'తాళం లేదు' అని ఇంగ్లిషులో మొండికేసేది. ఏడో తరగతిలోనే బడికి దండం పెట్టిన నాకు, ఆ ఇంగ్లిషు మాత్రం బాగా వచ్చింది.

దసరా నాడు కమ్మరి కొలిమికి, దర్జీ మిషనుకు పూజ చేసినట్టే నేనూ కెమెరాకు, లైట్లకు బొట్లు పెట్టాను. అంతటితో ఊరుకుంటే నేను నేనెందుకవుతాను? దుకాణాన్ని నడిపేదే డబ్బా కదా అని, ఊడదీసి, తడి పసుపు నిండుగా పూశాను. ఆరాక గుచ్చాను. తాళం లేదు.

మర్నాడు పొద్దున్నే కొత్త పెళ్లికొడుకు వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. సైకిల్ దుకాణం వాళ్ల అబ్బాయి. సాయంత్రం బస్సుకు హైదరాబాదు, అక్కణ్నుంచి సౌదీ. రెండేళ్ల దాకా రాడు. ఫొటోలన్నింటిలో పెళ్లికూతురు తల వంచుకునే ఉంది. అందుకే ఆమె ముఖాన్ని క్యాసెట్లో తీసుకుపోవాలని వాడి పట్టు.

ఎస్టీడీ బూత్ నుంచి డబ్బా అమ్మిన వ్యాపారికి ఫోన్ చేశాను.

"ఏం పూసినవ్ దానికి?"

"పసుపు. ఏదన్న నంబర్ చెప్పు సార్, కొట్టుకుంట."

"నంబర్ గిట్ల ఏం లేదు. డబ్బనే లైసెన్స్. కొత్తది వచ్చేదాక ఇగ కొబ్బరికాయ గూడ కొట్టు."

పాత బ్రష్షుతో పిన్నులు తోమాను. గుచ్చాను, పీకాను. టీకి పోతానంటే పెళ్లికొడుకు గుమ్మానికి అడ్డంగా నిలబడ్డాడు.

"నువ్వు వోతె మళ్ల దొరకవన్నా. ఈడనే తాగు."

"నాకు గూడ తాళం ఏస్తున్నవా భాయ్?"

"నా టికెట్‌కు పసుపు పెట్టకపోతివి, గదే సంతోషం."

సాయంత్రం కావస్తోంది. ఇక మిగిలింది ఎడిటింగ్‌లో కోయని క్యాసెట్టే. ఆడవాళ్ల వైపు తీసింది మా ఆవిడ. నిఖా కదా, మగ కెమెరాకు లోపలికి దారి లేదు. ఆమె దసరాకు పుట్టింట్లో ఉంది, ముఖం ఎక్కడ వస్తుందో చెప్పేవాళ్లు లేరు. గంట పెళ్లి కాపీ కావాలంటే గంటా పడుతుంది. ఇద్దరం తెర ముందు ఇరుక్కుని చూశాం. వీపులు, గాజుల చేతులు, మళ్లీ వీపులు. బస్టాండులో హారన్ మోగింది.

అప్పుడు ఎవరో ముఖం మీది పూల తెర ఎత్తి మిఠాయి పెట్టారు. పెళ్లికూతురు గట్టిగా తుమ్మి, సిగ్గుపడి, కెమెరా పట్టుకున్న మా ఆవిడను చూసి నవ్వేసింది. వేరే రోజైతే ఆ తుమ్మును నేనే కోసేసేవాణ్ని.

"ఒక్కపారి ఎనక్కి తిప్పన్నా."

"తిప్పితే కాపీ ఆగుతది. చూస్తవా, పట్టుకపోతవా?"

మళ్లీ హారన్.

"పట్టుకపోత," అన్నాడు, తెర వైపు చూస్తూనే.

వేడిగా ఉన్న క్యాసెట్‌ను చొక్కాలో దోపుకుని ఉరికాడు. సౌదీలో వాళ్లుండే గదిలో వీసీఆర్ ఉందో లేదో అడుగుదామని గుమ్మం దాకా వెళ్లాను. అడగలేదు.