హంతకుడెవరో చెప్పకుండా పోయిన అత్త

మా మేనత్త పోయిన నెల సూర్యాపేటలో, తన ఇంట్లోనే, నిద్రలో కన్నుమూసింది. ఏళ్ల తరబడి టీవీకి హత్యలూ కోర్టు వాదనలూ రాసిన మనిషి, ఎవరికీ ఏ అనుమానమూ మిగల్చకుండా వెళ్లిపోయింది. ఇలాంటి చావు నేను కథగా రాసి చూపిస్తే "ఇండ్ల ఏమున్నదే?" అని పక్కన పడేసేది.

అత్త మొదట కోదాడలో వకీలు. సీరియళ్లు మొదలుపెట్టాక నల్లకోటు వదిలింది గానీ కోర్టును వదల్లేదు. వీలున్నప్పుడల్లా బస్సెక్కి వెళ్లి, వెనక బెంచీలో కూర్చుని సాక్షుల మాటలు వినేది. "నిజం చెప్పెటోడు జర ఆగి యాది చేసుకుంటడు. అబద్ధం చెప్పెటోడు ఆగనే ఆగడు" అనేది. ఇంట్లో మేమూ బోనులో ఉన్నట్టే. ఓసారి మిర్యాలగూడ నుంచి ఆలస్యంగా వచ్చి, బస్సు చెడిపోయిందనీ, వాన పడిందనీ, వడ్ల లారీలు అడ్డమొచ్చాయనీ చెప్పాను. "గిన్ని సాకులెందుకే? ఒక్కటి చెప్తే నమ్ముతుంటి" అని నవ్వి అన్నం పెట్టింది.

అంత తెలివైన మనిషీ ఒక కథలో పొరపడింది. నగల కోసం యజమానురాలిని చంపింది పనిమనిషే అని తేల్చింది. చూసినవాళ్లంతా మెచ్చుకున్నారు. వారం తిరక్కముందే, అత్త ఇంట్లోనూ ఆ వీధిలో మరికొన్ని ఇళ్లలోనూ పనిచేసే ఎల్లమ్మక్క గిన్నెలు తోముతూ అంది: "అమ్మా, మీ సీరియల్ సూసిన కాడికెల్లి పక్కింటోళ్లు నన్ను బీరువా ఉన్న రూంల ఊడ్వనిస్తలేరు."

అత్త ఆ తర్వాత ఏ కథలోనూ పనిమనిషినో డ్రైవర్‌నో హంతకులను చేయలేదు. ఛానల్ వాళ్లు చేయమని పట్టుబట్టితే, నడుస్తున్న సీరియల్‌నే వదులుకుంది. "పేదోళ్ల మీద నేరం మోపుడు అల్కగుంటది. గంత సులువు పనికి నేనెందుకు?" అంది. చాలాకాలం ఏ ఛానలూ పిలవలేదు. తన బీరువా తాళంచేతులు మాత్రం, ఎల్లమ్మక్క ఆ మాట అన్న నాటి నుంచీ బీరువాకే వేలాడేవి. అప్పుడూ ఇప్పుడూ ఆమెను తలుచుకుంటే నాకు గర్వమే.

చివరి కథ రాసే ఓపిక లేక మాకు నోటితో చెప్తూ వచ్చింది. నేరేడుచర్లలో రైసుమిల్లు యజమాని హత్య. తమ్ముడు, భాగస్తుడు, డాక్టరు, ఇంట్లో పనామె, అందరి మీదా అనుమానమే. హంతకుడెవరో చెప్పకముందే పోయింది. పదకొండో రోజు భోజనాలయ్యాక చుట్టాలమంతా దాని మీదే పడ్డాం. తమ్ముడని ఒకరు, భాగస్తుడని ఒకరు, డాక్టరేనని నేను.

టీ గ్లాసులు ఎత్తుతున్న ఎల్లమ్మక్క కొంగుతో కళ్లు తుడుచుకుంది. "ఎవలైతే ఏంది గనీ, పనామె మాత్రం గాదు."

ఆమె చీపురు తీసుకుని అత్త గదిలోకి వెళ్లింది. బీరువాకు తాళంచేతులు అట్లాగే వేలాడుతున్నాయి.