వొకేటివ్ మేడమ్

ప్రమాదం వచ్చి నెత్తిన కూర్చుందని నాకు మొదట తెలిసింది, బాపట్లలో ఒక జూనియర్ కాలేజీ క్లాసులో, బోర్డు మీద ‘వొకేటివ్’ అని ఇంగ్లీషు పెద్దక్షరాలతో రాసి, దాని కింద చక్కగా గీత గీసి, ఆ గీత కింద రాయడానికి నా దగ్గర ఏమీ లేదని గ్రహించిన క్షణంలో. వెనక క్లాసు నిండా పిల్లలు. మొదటి బెంచీలో ప్రిన్సిపాల్ మేడమ్, ఆవిడ పక్కన కాలేజీ కరస్పాండెంట్‌గారు. చేతిలో సుద్దముక్క ఇంకా ఉంది కాబట్టి గీతను కొంచెం పొడిగించాను. ఇంకొంచెం పొడిగించాను. బోర్డు అయిపోయింది.

ఆ రోజుల్లో ఇంగ్లీషు రావడమంటే ఇంగ్లీషు వచ్చినట్టు గంభీరంగా కనపడటమేనని నా నమ్మకం. ఎం.ఏ. అప్పుడే పూర్తయింది. లావుపాటి నవల ఒకటి చంకలో పెట్టుకుని రేపల్లె ప్యాసింజరు ఎక్కితే చాలు, ఎవరో ఒకరు కిటికీ పక్కన చోటిచ్చేవారు (ఇవ్వకపోతే నవల కింద పెట్టి పోట్లాడేదాన్ని, తెలుగులో). మా నాన్నకి రేపల్లెలో ఎరువుల కొట్టు. నా రిజల్టు వచ్చిన రోజు నుంచే ఆయన నన్ను ‘లెక్చరర్‌గారూ’ అని పిలవడం మొదలుపెట్టారు. ఉద్యోగం లేదు, దాని జాడ కూడా లేదు, పిలుపు మాత్రం వచ్చేసింది. “లెక్చరర్‌గారూ, కాఫీ తాగుతారా?” “లెక్చరర్‌గారూ, ఆ ఫ్యాను కట్టేసి రండి.” యూరియా కోసం వచ్చిన రైతులకి సైతం “మా లెక్చరర్‌గారండి” అని పరిచయం చేసేవారు. వాళ్లు పాపం మర్యాదకి “ఏ కాలేజీలోనండి?” అని అడిగేవారు. నాన్న వెంటనే యూరియా బస్తా రేటు చెప్పేవారు.

అమ్మకి ఇదంతా గిట్టేది కాదు. “రాని ఉద్యోగానికి ఆ పిలుపేంటండి? రేపు రాకపోతే దాన్ని ఏమని పిలుస్తారు?”

“వస్తుందిలే.”

“వచ్చాక పిలవండి, ఎవరొద్దన్నారు.”

అమ్మ అన్న ఆ మాట నాలో ఎక్కడో ఇరుక్కుపోయింది. బాపట్ల కాలేజీ నుంచి డెమో క్లాసుకి రమ్మని ఫోను వచ్చినప్పుడు నేను భయపడింది జీతం గురించి కాదు, హాస్టల్ తిండి గురించి కాదు. ఉద్యోగం రాకపోతే ఆ సాయంత్రం నాన్న ఇంటికొచ్చి, చెప్పులు విప్పి, నన్ను పేరు పెట్టి పిలుస్తారు. కోప్పడరు, ఏమీ అనరు, ఊరికే పేరు పెట్టి పిలుస్తారు. నా భయమంతా ఆ పిలుపు గురించే. (నా పేరు మంచిదే. ఆ రోజు మాత్రం వినాలని లేదు.)

బస్సెక్కితే నాకు వాంతులు, కొత్త చీర పాడవుతుందని అమ్మ రైల్లోనే వెళ్లమంది. తెనాలిలో దిగి బాపట్ల వైపు వెళ్లే బండి ఎక్కాను. దారి పొడుగునా టెన్సెస్, ఆర్టికల్స్, యాక్టివ్ వాయిస్, పాసివ్ వాయిస్ అన్నీ నెమరువేసుకున్నాను. పొన్నూరు దాటేసరికి ఎవరేం అడిగినా చెప్పగలనన్నంత ధైర్యం వచ్చింది. తీరా వెళ్లాక ప్రిన్సిపాల్ మేడమ్, “మీకిష్టమైంది కాదమ్మా, నేనడిగింది చెప్పండి” అని అట్ట ఊడిపోయిన గ్రామర్ పుస్తకం ఒకటి తెరిచి, కళ్లు మూసుకుని వేలు పెట్టారు. వేలి కింద ఉన్నది వొకేటివ్. “పావుగంట” అన్నారావిడ.

ఎవొకేటివ్ నాకు తెలుసు. ప్రొవొకేటివ్ ఇంకా బాగా తెలుసు. ముందు ముక్క తీసేసి ఒట్టి వొకేటివ్ అనేసరికి, రోజూ చూసే మనిషి మీసం తీయించుకుని ఎదురొచ్చినట్టుంది. ఎక్కడో చూశాను. ఎక్కడో తెలియడం లేదు. బోర్డు అయిపోయాక ఇక తిరగక తప్పదు కదా, తిరిగి, టీచర్లందరూ చేసే పనే చేశాను. “మీలో ఎవరికైనా తెలుసా?” అని అడిగాను.

చివరి బెంచీలో రెండు జడలమ్మాయి లేచింది. “ఒకేషనల్ వాళ్లదండి మేడమ్. పక్క బ్లాకు.”

మునిగేవాళ్లు ఏది దొరికినా పట్టుకుంటారు. నేను పక్క బ్లాకు పట్టుకున్నాను. “వెరీ గుడ్. వొకేటివ్ అంటే వృత్తికి సంబంధించినది. ఉదాహరణకి, మై బ్రదర్ ఈజ్ ఎ వెరీ వొకేటివ్ పర్సన్.” (నాకు అన్నదమ్ములు లేరు. లేని అన్నయ్యకి లేని గుణం అంటగట్టాను.) ప్రిన్సిపాల్ మేడమ్ కళ్లజోడు తీసి, కొంగుతో తుడిచి, మళ్లీ పెట్టుకుని నన్ను చూశారు, తప్పు అద్దాల్లో ఉందేమోనన్న ఆశతో. పిల్లలకి ఇలాంటివి వాసనొస్తాయి. ముందు వరుసలో గుసగుస, మధ్యలో నవ్వు, వెనకబెంచీల్లో బాహాటంగా కబుర్లు. అది చాలదన్నట్టు కరస్పాండెంట్‌గారి ఫోను మోగింది. ఆయన అక్కడే కూర్చుని తీశారు. “ఆఁ, కంకర దింపారా? ఎక్కడ దింపారు? గేటుకి అడ్డంగానా? మరి పిల్లలెట్టా పోవాలయ్యా ఇళ్లకి?”

పావుగంట కరిగిపోతోంది. దానితోపాటు ఎరువుల కొట్టులో నా పిలుపు కరిగిపోతోంది. అప్పుడు నా లోపలున్న ఎం.ఏ. పక్కకి తప్పుకుని, రేపల్లె పిల్ల బయటికొచ్చింది.

“ఒరేయ్, ఆగండర్రా కాసేపు. అమ్మాయ్, నువ్వు కూడా. బాబాయిగారూ, ఆ ఫోనేదో బయటికెళ్లి మాట్లాడుకోండి.”

క్లాసు మొత్తం ఆగిపోయింది. ఫోనులో కంకర మనిషి ‘హలో, హలో’ అనడం వినిపించింది.

“నన్నేనా అమ్మాయ్?” అన్నారు కరస్పాండెంట్‌గారు.

“మిమ్మల్నేనండి” అనక తప్పలేదు. ఎందుకంటే అప్పటికే ఆయన తల నా వైపు తిరిగింది. పిల్లల తలలన్నీ తిరిగాయి. (నాది గిర్రున తిరిగింది.) ఆ తిరిగిన తలల్ని చూస్తుంటే, ఆరో తరగతిలో తెలుగు మాస్టారు బెత్తం ఊపుతూ మాచేత వల్లె వేయించిన విభక్తుల పట్టిక ఎక్కడినుంచో నడిచొచ్చింది. డు, ము, వు, లు దగ్గర మొదలై, అందరం గుక్క తిప్పుకోకుండా పరిగెత్తి, చివర్లో సంతోషంగా అరిచేవాళ్లం: ఓ, ఓరి, ఓయి, ఓసి, సంబోధన ప్రథమా విభక్తి. ఓరి. ఇప్పుడు నేనన్న ఒరేయ్ అదే కదా. ఇంగ్లీషు గ్రామర్‌లోనూ అలాంటి పట్టిక ఒకటుంది. పరీక్షలో రాదని మా కాలేజీలో వదిలేసిన అడుగు వరుసలో ఉన్న మాటే ఇది. మీసం తీసిన మనిషిని గుర్తుపట్టాను.

“ఇప్పుడు నేను చేశానే, అదీ వొకేటివ్ అంటే” అన్నాను.

“మరి ఇందాక చెప్పింది మేడమ్?” అంది రెండు జడలమ్మాయి.

“అది మీరు వింటున్నారో లేదో చూద్దామని.” (ఈ జవాబు ఇప్పటికీ మా ఇంట్లో వారానికోసారి పనికొస్తోంది.)

ఇక నోటికి అడ్డు లేకుండా పోయింది. వొకేటివ్ అంటే పిలుపుకి సంబంధించినది అన్నాను. ‘మా అక్క వచ్చింది’ అంటే ఎవరూ తిరగరు, అక్కడ అక్క అనేది ఒట్టి కబురు. ‘అక్కా, కాస్త జరుగు’ అని తెనాలి బండిలో అని చూడండి, సగం పెట్టె సర్దుకుంటుంది. ఆ అక్కా వొకేటివ్. ఆ మాట తీసేసినా వాక్యం కూలిపోదు, కానీ అది వినపడితే ఎక్కడో ఒక తల తిరగాలి. తిరిగితే వొకేటివ్, తిరక్కపోతే మామూలు మాట. ఇంగ్లీషులో ఒక మాటను చూపించి ఇది వొకేటివ్ వర్డ్ అనొచ్చు, గొంతును చూపించి వొకేటివ్ టోన్ అనొచ్చు, మనుషుల్ని మాత్రం అనకూడదు (మా అన్నయ్య అక్కడితో చచ్చిపోయాడు).

పిల్లలకి హుషారొచ్చింది. “మా అమ్మ మా నాన్నని ‘ఇదిగో’ అంటదండి. అది ఏదన్నా వస్తువు చూపించడం కదా మేడమ్?”

“చేతిలో వస్తువుందా?”

“ఏం ఉండదండి.”

“అయితే వొకేటివే.”

రెండు జడలమ్మాయి మళ్లీ లేచింది. “మా నానమ్మ తాతయ్యని ఏమీ అనదండి. గిన్నె మీద గరిటెతో కొట్టిద్ది.”

“తాతయ్య తిరుగుతాడా?”

“తిరుగుతాడండి. లేచొస్తాడు కూడా.”

“అయితే అదీ వొకేటివే” అన్నాను. ప్రిన్సిపాల్ మేడమ్ నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నారు. బయటికెళ్లి కంకర సంగతి తేల్చుకుని వచ్చిన కరస్పాండెంట్‌గారు గుమ్మంలోనే నిలబడి ఒక సందేహం వెలిబుచ్చారు. “అమ్మాయ్, సర్ అన్నా వొకేటివేనా, బాబాయిగారూ అన్నా వొకేటివేనా?”

“రెండూనండి.”

“సర్ అని ఉంటే నేను లేచేవాణ్ని కాదు” అన్నారాయన, కూర్చుంటూ.

ఆ ఊపులో బోర్డు మీద ‘సర్ ప్లీజ్ స్టాప్’ అని ఇంగ్లీషులో రాసి, గర్వంగా చేతులు దులుపుకున్నాను. ప్రిన్సిపాల్ మేడమ్ లేచి వచ్చి, నా చేతిలో సుద్దముక్క తీసుకుని, సర్ పక్కన బుల్లి కామా పెట్టారు. “మనం అక్క అనే మాటకి దీర్ఘం ఇచ్చి అక్కా అంటాం. ఇంగ్లీషులో ఆ దీర్ఘం లేదమ్మా, కామా ఉంది. పిలిచాక ఆగాలి. ఆ మనిషి మన వైపు తిరిగేదాకా ఆగి, అప్పుడు చెప్పాలి చెప్పదలుచుకుంది. మీరు పిలవడం బానే పిలుస్తున్నారు. ఆగడం నేర్చుకోండి.”

వరండాలో బెంచీ మీద కూర్చోమన్నారు. నా తర్వాత లోపలికెళ్లినాయన బట్టతల, చేతిలో ఫైలు, నడకలో పదేళ్ల అనుభవం. ఆయన గొంతు గోడల్లోంచి కూడా స్పష్టంగా వినపడుతోంది. నేను చీర కుచ్చిళ్లు చూసుకుంటూ, సాయంత్రం నాన్న నా పేరు ఏ స్వరంలో పలుకుతారో ఊహించుకుంటూ కూర్చున్నాను. అమ్మ వంటింట్లోంచి వింటుంది.

చివరికి నన్ను పిలిచారు. “ఇంగ్లీషు పోస్టుకి ఆయన్ని తీసుకున్నాం” అన్నారు ప్రిన్సిపాల్ మేడమ్. నేను తల ఊపి లేవబోయాను. “ఆగమని చెప్పానా ఇందాక? పక్క బ్లాకులో వాళ్లకి మాట్లాడే ఇంగ్లీషు చెప్పడానికి ఒకరు కావాలి. పార్ట్ టైం. వొకేటివ్ అంటే వృత్తికి సంబంధించిందని మీరే అన్నారుగా.” ఆవిడ ముఖంలో నవ్వు లేదు. కరస్పాండెంట్‌గారి ముఖంలో ఇద్దరికి సరిపడా ఉంది.

బాపట్ల స్టేషన్లో బండి కోసం నిలబడి కొట్టుకి ఫోను చేశాను. “లెక్చరర్‌గారూ” అన్నారు నాన్న. అని ఆగారు. ఎప్పుడూ ఆగని మనిషి. వెనక బస్తా దించిన చప్పుడు వినిపించింది, ఎవరో దగ్గారు, ఆయన మాత్రం ఏమీ అడగలేదు. అంతకుముందే ప్రిన్సిపాల్ మేడమ్ బోర్డు మీద పెట్టిన కామా ఎంత పెద్దదో నాకు అప్పుడు తెలిసింది.

“పార్ట్ టైం నాన్నా. ఒకేషనల్ వాళ్లకి.”

“లెక్చరరేగా?”

“లెక్చరరే.”

నాన్న ఫోను చెవి దగ్గర్నుంచి తీసినట్టున్నారు, గొంతు దూరంగా వినపడింది, కొట్లో ఎవరితోనో. “బాపట్లలోనండి.” ఎన్నాళ్లనుంచో రైతులు అడుగుతున్న ప్రశ్నకి అదీ జవాబు.

పక్క బ్లాకు పిల్లలు నాకు ‘వొకేటివ్ మేడమ్’ అని పేరు పెట్టారు (రెండు జడలమ్మాయి ప్రచారం). పెళ్లయ్యేదాకా, పెళ్లయి తెనాలి వచ్చాక కూడా కొన్నాళ్లు, రోజూ బండెక్కి వెళ్లి పాఠం చెప్పాను. రెండోవాడు కడుపులో పడ్డాక మానేశాను. మళ్లీ వెళ్దాం, మళ్లీ వెళ్దాం అనుకుంటూనే ఉన్నాను. ఇప్పుడు బడి వాట్సాప్ గ్రూపులో నేను ఫలానా పాప మమ్మీని, కూరగాయల బండి దగ్గర అమ్మగార్ని, ఇంట్లో అమ్మని. మార్కెట్లో ఎవరి పిల్లలు ‘అమ్మా’ అన్నా ఉలిక్కిపడి తిరుగుతాను, నా పిల్లలిద్దరూ నా చేతులు పట్టుకుని ఉన్నా సరే. వాళ్లు బడికెళ్లాక ఖాళీ ఇంట్లో కూడా నాకు ఆ పిలుపు వినిపిస్తుంటుంది. ఒకసారి మేడ మీదికెళ్లి కూడా చూసొచ్చాను. నన్ను ఇంకా ‘లెక్చరర్‌గారూ’ అనేది నాన్న ఒక్కరే, ఆదివారం ఫోన్లో.

నిన్న సాయంత్రం ఇద్దరూ ఒక్కసారే మొదలుపెట్టారు. “అమ్మా నా సాక్సు ఒకటే ఉంది అమ్మా వీడు నా పెన్సిల్ నమిలాడు అమ్మా అక్క అబద్ధం చెప్తోంది అమ్మా పాలు పొంగుతున్నాయ్.” అన్నిటికీ తిరిగాను, అసలైనదానికి తప్ప. ఎక్కడా ఒక్క కామా లేదు. పొయ్యి గట్టు తుడుస్తుంటే బాపట్ల బోర్డు గుర్తొచ్చి నవ్వొచ్చింది. నవ్వుతూ తుడిచే అమ్మని చూసి పిల్లలు కొంచెం భయపడ్డారు కూడా. వాళ్లు నిద్రపోయాక బాపట్ల సంగతంతా రాసి, పడుకున్నాను.

పొద్దున టిఫిన్ దగ్గర ఇద్దర్నీ కూర్చోబెట్టి చెప్పాను: “‘అమ్మా’ అన్నాక అక్కడో కామా ఉంటుంది. నేను తిరిగి చూసేదాకా ఆగాలి. అప్పుడు చెప్పాలి, సాక్సయినా, పాలయినా.”

పాప ఇడ్లీ ముక్క పట్టుకుని ఆలోచించింది. “నువ్వు తిరక్కపోతేనో?”

“మళ్లీ పిలువు.”

“అప్పటికీ తిరక్కపోతే?”

“‘లెక్చరర్‌గారూ’ అను” అన్నాను. “ఎక్కడున్నా తిరుగుతాను.”