బావ చెరిపేసిన ఆట

మొన్న ఆదివారం మా ఆడపడుచు కూతురు తణుకులో మా ఇంటికి వచ్చి, మా అమ్మాయి నెలల తరబడి ఆడుకుంటున్న వీడియో గేమ్‌ని సరదాకి చెరిపేసింది. వంటింట్లో పప్పు దించుతున్న నాకు "అయ్యో, మొత్తం పోయింది" అన్న మాట ఒక్కటే వినబడింది, అంతే, చేతిలో ఉన్న కుక్కర్ మూతతో సహా హాల్లోకి వచ్చి పడ్డాను. నా మొహం ఎలా ఉందో ఏమో గానీ ఆ పిల్ల సోఫా వెనక్కి నక్కింది. మా అమ్మాయి మాత్రం నవ్వుతోంది. ఏం కాలేదమ్మా, మనం ఆడిందంతా ఎప్పటికప్పుడు క్లౌడ్‌లోకి వెళ్ళిపోతుంది, ఇక్కడ చెరిపినా అక్కడ ఉంటుంది, దించుకుంటే సరి అని నాకు పాఠం చెప్పి, ఏవో రెండు మీటలు నొక్కి, తెర మీద గీత నిండేదాకా జంతికలు నములుతూ కూర్చుంది. ఎక్కడ ఆపిందో అక్కణ్ణుంచే ఆట మళ్ళీ మొదలైంది, ఇద్దరూ భుజాలు రాసుకుంటూ ఆడుకున్నారు. నేను వంటింట్లోకి వెళ్ళాక గానీ కుక్కర్ మూత ఇంకా చేతిలోనే ఉందని చూసుకోలేదు.

ఆ కంగారు ఎక్కడిదో నా ఈడువాళ్ళకి చెబితేనే తెలుస్తుంది. మన రోజుల్లో క్లౌడ్ అంటే వానకి ముందు ఆరేసిన వడియాలు తీయమని చెప్పేది. ఆట దాచుకోవాలంటే అగ్గిపెట్టె అంత బూడిద రంగు ముక్క ఒకటుండేది, మెమరీ కార్డు అనేవాళ్ళం, టీవీకి తగిలించే ఆట మిషన్‌కి ముందున్న గాడిలో దాన్ని గుచ్చితే ఆట ఎంతవరకు వచ్చిందో అందులో రాసుకునేది. అది పోతే పోయినట్టే, ఇంకో కాపీ భూమ్మీద ఎక్కడా ఉండదు. మా చిన్నాన్న దుబాయ్ నుంచి వస్తూ మాకొక మిషన్, పెద్దాపురంలో ఉండే మా మావయ్య కొడుక్కి ఒక మిషన్ తెచ్చాడు. మా ఊరు భీమవరం పక్కన, నాన్నకి రొయ్యల చెరువులు, కరెంటు ఉన్నంతసేపూ చెరువుల్లో నీళ్ళకి గాలి కొట్టే ఏరియేటర్లు గిర్రున తిరుగుతుంటే ఇంట్లో నేను రాక్షసుల్ని నరుకుతూ ఉండేదాన్ని. నా ఆటలో కత్తి పట్టిన ఆడమనిషి ఒకతి ఉండేది, ఎదురొచ్చినవాడి తల తెగ్గొట్టుకుంటూ కోట తర్వాత కోట పట్టుకోవడమే దాని పని. ఆడపిల్లవి ఆ నరుకుళ్ళేంటే అని అమ్మ గొణిగేది గానీ, నాకు మొదటి నుంచీ ముక్కు మీద కోపం, ఆ కోపం తెర మీద పోతే ఇంట్లో గిన్నెలు మిగులుతాయని నాన్న వెనకేసుకొచ్చేవాడు. ఇంటర్ పరీక్షలు అయిపోయిన ఆ వేసవంతా కూర్చుని ఆఖరి కోట గుమ్మం దాకా వచ్చాను. జీవితంలో నాకంటూ నేను సాధించుకున్న మొదటి వస్తువు అదేనని చెబితే నవ్వుతారు, నవ్వండి, పర్వాలేదు.

మావయ్య కొడుకంటే నాకు వరసకు బావ, నేను ఉయ్యాల్లో ఉండగానే ఇద్దరికీ అనేసుకున్నారు. అది మా ఇళ్ళలో కొత్తేం కాదు, అమ్మకి పుట్టింటి గడప ముయ్యకుండా ఉండాలంటే కూతుర్ని ఆ గడపలోకే పంపాలి, అంతకు మించిన ఆలోచన ఎవరూ చేసేవాళ్ళు కాదు. నేనూ చేయలేదు. బావ ఎర్రగా పొడుగ్గా ఉండేవాడు, మోటార్ సైకిల్ బాగా నడిపేవాడు, వాణ్ణి చూస్తే నాకేమీ అయిష్టం ఉండేది కాదు. డిగ్రీలో చేరకముందే ముహూర్తం పెట్టేద్దామని మావయ్య తొందరపడుతుంటే, సరే, పెళ్ళయ్యాకైనా చదువుకోవచ్చులే అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

ఆ ఏడాది మరిడమ్మ జాతరకి మేమంతా పెద్దాపురం వెళ్ళాం. మావయ్యగారింట్లో చుట్టాలు కిటకిటలాడుతున్నారు, అమ్మవారికి తీసుకెళ్ళాల్సిన కొబ్బరికాయలు పిలకలతో సహా హాల్లో ఒక మూల పోసి ఉన్నాయి, వీధిలో అమ్మవారి గరగలు తల మీద పెట్టుకుని ఆడేవాళ్ళు, డప్పులు, ఎవరి మాట ఎవరికీ వినబడని మోత. నేను మెమరీ కార్డుని సబ్బు పెట్టెలో పెట్టి రుమాలు చుట్టి తీసుకెళ్ళాను, బావ మిషన్ మీద ఆఖరి కోట పట్టి నలుగురికీ చూపించాలని. కార్డు గుచ్చానో లేదో బావ రిమోట్ నా చేతిలోంచి లాక్కున్నాడు. తన కారు రేసు దాచుకోవడానికి చోటు కావాలట, నాది తీసేస్తాడట. వాడి కార్డు ఖాళీగా టీవీ మీదే ఉంది. అదే చూపించాను. వద్దు బావా అన్నాను, నవ్వుతూనే అన్నాను మొదట. తెర మీద చెరపమంటావా అని మిషన్ అడిగింది. అప్పుడు వాడు మీట నొక్కకుండా ఆగి, మెడ తిప్పి, నా మొహంలోకి చూశాడు. నేను మళ్ళీ వద్దన్నాను, ఈసారి కళ్ళమ్మట నీళ్ళు వచ్చేశాయి. అది చూసుకుని నొక్కాడు.

రిమోట్ కోసం మీద పడ్డాను. వాడు నా మణికట్టు పట్టుకుని వెనక్కి మెలిపెట్టి, రెండో చేత్తో చెంప మీద ఒక్కటిచ్చాడు. చెవిలో డప్పులు ఆగిపోయి ఈల మొదలైంది. అంతకంటే నన్ను కోసేసింది చుట్టూ ఉన్నవాళ్ళ నవ్వు. అత్తయ్య అయితే పూల దండ గుచ్చుతూ తలెత్తి, "కాబోయే మొగుడూ పెళ్ళాల సరసం, మధ్యలో మనకెందుకండీ" అంది పక్కావిడతో. ఎద్దు పుండు కాకికి ముద్దు అంటారు, అలా ఉంది నా పని. ఆ తర్వాత నేను చేసింది ఆలోచించి చేసింది కాదు గానీ, చేసినందుకు ఏనాడూ బాధపడలేదు. మూలనున్న కొబ్బరికాయని పిలక పట్టుకుని ఎత్తి, తిప్పి, బావ నుదుటి మీద కొట్టాను. కాయ పగల్లేదు, నుదురు పగిలింది. కనుబొమ్మ పైనుంచి రక్తం కారి వాడి తెల్ల చొక్కా బొత్తాల దాకా వచ్చేసింది.

మావయ్య వచ్చి నా జుట్టు చుట్టచుట్టి పట్టుకుని గుమ్మం దాకా ఈడ్చాడు, మోకాళ్ళు రెండూ గచ్చుకి గీరుకుపోయాయి. డొక్కలో రెండు తన్నులు తన్నాడు కూడా. చీమకి కూడా దారిచ్చే మనిషి మా నాన్న, అరుగు మీద నుంచి లోపలికి వచ్చి, నా జుట్టు ఆ చేతిలో చూసి, మారు మాట లేకుండా మావయ్య మూతి మీద గుద్దాడు. ఇద్దరూ కలబడి పానకం గంగాళం మీద పడ్డారు. అత్తయ్య తమ్ముళ్ళు ముగ్గురు నాన్న మీద పడి, కుర్చీ కాలు ఊడదీసి భుజం మీద బాదారు, ఎముక విరిగిన చప్పుడు నాకు ఇప్పటికీ వినబడుతుంది. నాన్న పడుతూ కూడా అందులో ఒకడి చెయ్యి కొరికి వదల్లేదు. పానకంలో రక్తం, అందులో జారి పడేవాళ్ళు, ఏడ్చే ఆడవాళ్ళు, బయట డప్పుల మోతకి మా కేకలు గుమ్మం కూడా దాటలేదు. ఇంత జరుగుతున్నా అత్తయ్య బాధ వేరే ఉంది, అమ్మవారికి మొక్కిన కాయ రక్తం తగిలి మైలపడిపోయిందట. కొడుకు నుదుటికి ఒక చేత్తో గుడ్డ అదుముతూనే రెండో చేత్తో ఆ కాయని తీసి పెరట్లోకి విసిరేసింది.

ఇంటికి వచ్చాక అమ్మ వంతు. చీపురు పుల్లలు ఊడి చేతికి కట్టు ఒక్కటే మిగిలేదాకా కొట్టింది, కొడుతూ నాకంటే ఎక్కువ తనే ఏడ్చింది. నా పుట్టిల్లు తీసేశావు కదే అని ఒకటే మాట. ఆట బొమ్మ కోసం కాపురం కాలదన్నుకునే ఆడదాన్ని ఎక్కడా చూడలేదంది. నాకు ఒళ్ళంతా వాతలు తేలాయి గానీ, అమ్మ మీద కోపం రాలేదు, ఆవిడ పోగొట్టుకునేది నాకు కనబడుతూనే ఉంది.

వారం తిరక్కుండా పెద్దాపురం నుంచి ఇద్దరు పెద్దమనుషులు వచ్చారు. పిల్ల వచ్చి అందరి ముందూ బావ కాళ్ళు పట్టుకుంటే చాలునట, ఏదీ మనసులో పెట్టుకోరట, శ్రావణంలో ముహూర్తం పెట్టేసుకుంటారట. అమ్మ వాళ్ళకి కాఫీలు ఇచ్చి, వెళ్ళేటప్పుడు దణ్ణం పెట్టింది. మర్నాడు పొద్దున్నే నాన్న విరిగిన భుజానికి కట్టుతో చెరువు మీదికి బయల్దేరుతూ నన్ను రమ్మన్నాడు. రొయ్యలకి మేత బస్తా విప్పి ఇచ్చాను, ఎడమ చేత్తో చల్లుతూ గట్టు వెంట కొంత దూరం నడిచాడు. అప్పుడు అడిగాడు, ఆట పోయిందనే కొట్టావా అమ్మా అని.

"పోయినందుకు కాదు నాన్నా. చెరిపే ముందు ఆగి నా మొహం చూశాడు. ఏడుస్తున్నానని తేల్చుకుని అప్పుడు నొక్కాడు."

నాన్న మిగతా మేతంతా చల్లేసి, ఇంటికి వచ్చి, పెద్దమనుషులకి కబురు పంపాడు, మా సిద్ధాంతిగారికి చూపించామండీ, పిల్లలిద్దరి జాతకాలూ కుదరలేదటండీ అని. అనుకున్న సంబంధం తప్పిపోతే మా వైపు చెప్పే మర్యాద మాట అది, ఇరువైపుల పరువూ నిలబెట్టి నేరమంతా గ్రహాల మీదికి నెట్టేస్తుంది. మావయ్యకి కూడా అదే కావాల్సి వచ్చింది, ఆడపిల్ల చేత కొట్టించుకున్నాడని కొడుకు గురించి చెప్పుకోలేడు కదా. నుదుటి మీద కుట్లకి గుడి మెట్ల మీద జారిపడ్డాడని చెప్పుకున్నారు. నేను తణుకులో డిగ్రీలో చేరాను. అమ్మకి మాత్రం ఆ గడప నిజంగానే మూసుకుపోయింది. అమ్మమ్మ పోయినప్పుడు ఒక్కతే బస్సెక్కి వెళ్ళి, వీధిలోంచే చూసి, మంచినీళ్ళు కూడా తాగకుండా తిరిగొచ్చింది. అప్పటికి నా మీద కోపం పోయింది గానీ, ఆ సంగతి మాత్రం మా ఇద్దరి మధ్యా ఎప్పుడూ మాటల్లోకి రాలేదు.

మొన్న మా అమ్మాయి జంతికలు నములుతూ పోయిన ఆటని వెనక్కి తెచ్చుకుంటుంటే, ఒళ్ళు జలదరించే ఊహ ఒకటి వచ్చింది. ఆ వేళ నాకూ ఇలాగే ఎక్కడో ఇంకో కాపీ ఉండి ఉంటే, పోనీలే బావా అని నవ్వేసి, దించుకుని, ఆడుకునేదాన్ని. శ్రావణంలో తలంబ్రాలు పోసుకునేదాన్ని. నొక్కేముందు వాడు ఎందుకు ఆగాడో పట్టించుకునేదాన్నే కాదు. పిల్లలకి ఇప్పుడు ఏదీ పోదు, మంచిదే, మనం పడ్డ ఏడుపు వాళ్ళు పడక్కర్లేదు. కానీ ఏదీ పోని చోట, పోగొట్టేవాడి మొహం ఎవరైనా తేరిపార చూస్తారా అని నాకు దిగులు.

కొన్నేళ్ళ కిందట భీమవరంలో ఒక పెళ్ళికి వెళ్తే, భోజనాల దగ్గర నా పక్కన ఒకావిడ కూర్చుంది. కోనసీమ అమ్మాయి, మా సంబంధం తప్పిన ఏడాదే మావయ్యగారింటికి కోడలిగా వచ్చింది, నేను ఆవిణ్ణి చూడడం అదే మొదలు. పై పెదవి మీద ఎండిన కుట్టు ఉంది, పులిహోర నోట్లో పెట్టుకోవడానికి తల పక్కకి వాల్చుకుంటోంది. నేనెవరో తెలిసి ఆప్యాయంగా నవ్వబోయి, పెదవి లాగినట్టుంది, చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ముందు మిమ్మల్నే అనుకున్నారటగా అండీ, జాతకాలు కుదరక మానేశారట. మావి బ్రహ్మాండంగా కుదిరాయన్నారండి."

నేను ముద్ద విస్తట్లోనే వదిలేసి తలెత్తి చుట్టూ చూశాను. జాతర రోజు ఆ హాల్లో ఉన్న చుట్టాల్లో సగం మంది ఆ పెళ్ళి పందిట్లోనే తిరుగుతున్నారు, అందరికీ తెలుసు. పిల్లల ఆటల్ని కూడా ఇంత భద్రంగా దాచే రోజులు వచ్చాయి గానీ, ఆ వేళ జరిగినదానికి మాత్రం ఎవరూ ఎక్కడా కాపీ ఉంచలేదు. మా నాన్న నన్ను గట్టెక్కించడానికి చెప్పిన అబద్ధం ఒక్కటే ఆవిడ దాకా వెళ్ళింది.