గాయకుడు వచ్చేదాకా పాడినావిడ

ఊళ్లో ఆమెను అందరూ బోర్డులక్క అంటారు. పాతికేళ్లకు పైగా కొట్లకీ లారీలకీ ఆస్పత్రులకీ పేర్లు రాసిన చెయ్యి అది. ఫ్లెక్సీలు వచ్చాక పని సన్నగిల్లింది గానీ, ఏటా ఒక పని మాత్రం వెతుక్కుంటూ ఇంటికి వచ్చేది. మూతపడ్డ బట్టల మిల్లు ఆవరణలో రెండు రోజులపాటు జరిగే బ్లూస్ మేళాకి గేటు బోర్డు ఆమే రాయాలి.

బోర్డులక్కకి రంగుల మీద ఎంత మక్కువో, ఆరాల మీదా అంతే. గోడకి కొత్త రంగు వెయ్యమంటే ముందు కింద పొరలో ఏ రంగుందో గోటితో గీకి చూసే రకం. "నీకు పోలీసు ఉద్యోగం వచ్చుంటే, నీ ప్రశ్నలు తట్టుకోలేక దొంగలు వాళ్లంతట వాళ్లే లాకప్పులో కూచునేవాళ్లు" అని స్కూలు వ్యాను నడిపే మొగుడు ఆటపట్టించేవాడు.

ముప్పయ్యో మేళా దగ్గరపడుతుండగా కమిటీ కార్యదర్శి ఇంటికొచ్చాడు. రిటైరైన లెక్కల మాస్టారాయన. "ఈసారి గేటు బోర్డు ఒక్కటే కాదమ్మా, మేళా చరిత్రంతా లోపలి గోడ మీద రాయాలి" అంటూ నాలుగు కాగితాలూ ఒక పాత ఫొటో చేతిలో పెట్టాడు.

కాగితాల్లో ఉన్నది ఊరందరికీ తెలిసిన కథే. మిల్లు ఎదురుగా రేడియో షాపాయన ఉండేవాడు. అమెరికాలో నల్లజాతి కూలీలు కష్టాలు చెప్పుకుంటూ పాడిన బ్లూస్ రికార్డులు ఎక్కడెక్కణ్ణుంచో తెప్పించి, మధ్యాహ్నం భోజనాల వేళ లౌడ్‌స్పీకర్లో వేసేవాడు. అన్నం డబ్బాలు ముందు పెట్టుకుని వినీ వినీ కార్మికులకి ఆ పాటలు అలవాటైపోయాయి. మిల్లు మూసేసిన రోజున ఆయన దూరాన్నుంచి ఒక పేరున్న గాయకుణ్ణి పిలిపించి, ఆవరణలో లారీ మీద నిలబెట్టి పాడించాడు. మరుసటి ఏడాది అదే రోజుకి జనం పిలవకుండానే వచ్చారు. అలా మేళా నిలబడిపోయింది. ఒక ఏడు వాన కురిస్తే గొడుగుల కింద విన్నారు. ఒక ఏడు లారీ దొరక్క ట్రాక్టరు తొట్టి మీద పాడారు.

అంతా బాగానే ఉంది. ఫొటో దగ్గరే బోర్డులక్క చూపు ఆగిపోయింది. "మొదటి మేళా" అని వెనక రాసుంది. లారీ మీద మైకు ముందున్నది ఆడమనిషి! మిల్లు పనివాళ్ల కోటు వేసుకుని ఉంది. ఫొటో మసకబారి ఎవరో పోలిక పట్టడం లేదు.

"ఈవిడెవరు మాస్టారూ?"

"మైకు సరిచేస్తున్న మనిషై ఉంటుందిలే."

మైకు సరిచేసే మనిషి కళ్లు మూసుకుని, నోరు అంత బార్లా తెరుస్తుందా? బోర్డులక్క భూతద్దం తెచ్చి చూసింది. లారీ వెనక కట్టిన గుడ్డ మీద "బ్లూస్ మేళా" అని ఉంది. ఆ 'ళా' తోకని అలా లోపలికి మెలిపెట్టే మనిషి లోకంలో ఒక్కడే. ఆమెకి కుంచె పట్టడం నేర్పిన చిన్నాన్న.

మర్నాడు పొద్దున్నే ఆయన దగ్గర వాలింది. చిన్నాన్నకి ఎనభై దాటాయి. కళ్లకి మసక కమ్మింది, మాట మాత్రం పదునుగానే ఉంది.

"ఆ గుడ్డ నువ్వే రాశావా చిన్నాన్నా?"

"నేనే. నీలిరంగు చాలక సగం అక్షరాలు నల్లగా రాశాను. రేడియో షాపాయన నన్ను తిట్టని తిట్టు లేదు."

"ఇన్నేళ్లూ ఒక్క ముక్క చెప్పలేదే!"

"ఊరందరినీ అడుగుతావు, నన్నెప్పుడైనా అడిగావటే?"

బోర్డులక్క నాలిక కరుచుకుంది. మైకు దగ్గరి ఆడమనిషి ఎవరని అడిగితే ఆయన గడ్డం గోక్కుంటూ చెప్పాడు. "గాయకుడి కారు దారిలో ఆగిపోయింది. రెండు గంటలైనా రాలేదు. జనం లేచి వెళ్లిపోతున్నారు. అప్పుడు మగ్గాల సెక్షన్‌లో పనిచేసే అమ్మాయి లారీ ఎక్కింది. నాలుగు పాటలు పాడింది. వెళ్లేవాళ్లు వెనక్కి వచ్చారు. ఆ తరవాతే గాయకుడు కారు దిగాడు. ఆ అమ్మాయి ఇప్పుడు మార్కెట్ వెనక కుట్టుమిషన్లు బాగుచేస్తోంది కదూ?"

మార్కెట్ వెనక ఆ కొట్టు ఒక మనిషి ఒదిగి కూచునేంత. గోడల నిండా బెల్టులు, చక్రాలు. అందరూ మిషనమ్మ అనే ఆవిడకి డెబ్బై ఉంటాయి. మగ్గాల మోతలో సగం వినికిడి పోయింది, అందుకే గట్టిగా మాట్లాడుతుంది. బోర్డులక్క చూపించిన ఫొటోని నూనె చేత్తో ముట్టుకోకుండా వంగి చూసింది.

"నేనే" అంది. "అయితే ఏంటిప్పుడు?"

"ఎవరికీ చెప్పలేదేంటి పెద్దమ్మా?"

"చెప్పడానికేముంది? ఆయన రావాలి, రాలేదు. నేను పాడాను. ఆయన వచ్చాడు, నేను దిగాను. మర్నాడు పని వెతుక్కోవాలిగా!"

"మళ్లీ ఎప్పుడూ పాడలేదా?"

"ఎవరూ ఆలస్యంగా రాలేదు" అని నవ్వి, మిషన్ సూది బిగించుకోవడంలో పడిపోయింది.

బోర్డులక్క అక్కణ్ణుంచి నేరుగా మాస్టారింటికే వెళ్లింది. ఆయన మొదట కస్సుమన్నాడు. "ఇరవై తొమ్మిదేళ్లుగా కరపత్రాల్లో వేస్తున్నాం. మొదట పాడింది ఆ గాయకుడే. నేను అక్కడే ఉన్నాను!"

"మరి లారీ ఎక్కిన మనిషిని మీరు చూడలేదా మాస్టారూ?"

మాస్టారు కళ్లజోడు తీశాడు, తుడిచాడు, మళ్లీ పెట్టుకున్నాడు.

"గంటసేపు చూసి ఇక రాడనుకున్నాను. ఇంటికెళ్లిపోయాను. మర్నాడు రేడియో షాపాయన గాయకుడి సంగతే చెప్పాడు, అదే రాసుకున్నాను. అందరూ 'అబ్బ, ఎలా పాడాడో' అంటుంటే నేను లేనని చెప్పడానికి మొహం చెల్లలేదమ్మా. ఆ తరవాత చెబుదామంటే కార్యదర్శినైపోయాను."

బోర్డులక్క కాగితాలు ముందుకు జరిపింది. మాస్టారే పెన్ను తీసి మొదటి వాక్యం కొట్టేశాడు.

గోడ మీద ఆమె ఇలా రాసింది: "మొదటి ఏడాది గాయకుడు వచ్చేదాకా మగ్గాల సెక్షన్ కార్మికురాలు నాలుగు పాటలు పాడి జనాన్ని నిలబెట్టింది." మాస్టారు తనే వెళ్లి మిషనమ్మని మేళాకి పిలిచి వచ్చాడు.

మేళా మొదటి రోజు మధ్యాహ్నం ఆవిడ వచ్చింది. వేదిక మీద గిటార్లు శ్రుతి చేస్తున్నారు. గడ్డి మీద అప్పుడే దుప్పట్లు పరుస్తున్నారు. గోడ ముందు నిలబడి, పెదాలు కదుపుతూ మొత్తం చదివింది.

"తప్పు రాశావమ్మాయ్!"

బోర్డులక్క గబగబా గోడ దగ్గరికి వచ్చింది. "ఏది పెద్దమ్మా?"

"నాలుగు పాటలెక్కడివి? నాకొచ్చింది ఒక్కటే. దాన్నే నాలుగుసార్లు పాడాను. హుషారులో ఎవరూ పట్టించుకోలేదు."

మాస్టారు పకపకా నవ్వాడు. ఎప్పుడూ ఇస్త్రీ మడత చెదరని మనిషి, వెళ్లి ఆవిడ పక్కన గడ్డి మీద చతికిలబడ్డాడు. "వేదిక ఎక్కి ఒక్కసారి పాడమ్మా" అన్నాడు.

"గొంతెక్కడుంది నాయనా?"

"పోనీ, మాటలైనా చెప్పు. ఆ రోజు నేను వినలేదు. వెళ్లిపోయాను."

చుట్టూ ఉన్న కమిటీ వాళ్లు ఆ మాట విన్నారు. ఆయన తల దించుకోలేదు. మిషనమ్మ ఆయన వైపు వింతగా చూసి, రాగం లేకుండా, ఇంటి విషయం చెప్పినట్టు మొదలుపెట్టింది:

"మగ్గం ఆగింది, నా చెవిలో మోత ఆగలేదు. అవునయ్యా, మగ్గం ఆగింది, నా చెవిలో మోత ఆగలేదు. సైరను కూయని పొద్దున కూడా నే లేచి కూచున్నాను."

"ఒకే మాట రెండుసార్లెందుకు?" బోర్డులక్క ఉండబట్టలేక అడిగింది.

"మొదటిసారి నీకు నువ్వు చెప్పుకోవాలి. రెండోసారికి నమ్ముతావు. అప్పుడుగానీ మూడో మాట దొరకదు" అంది మిషనమ్మ.

"రికార్డులో విన్నావా పెద్దమ్మా ఈ పాట?"

"రాగం విన్నాను. మాటలు లారీ మీదే వచ్చాయి."

మాస్టారు జేబులోంచి కాగితం తీసి ఆ మాటలు రాసుకోవడం మొదలుపెట్టాడు. బోర్డులక్క డబ్బా మూత తీసి, "నాలుగు పాటలు" మీద తెల్లరంగు పూసి, ఆరేదాకా ఆగింది. వేదిక మీద ఎవరో తొలి తీగ మీటారు. తడి ఆరాక అక్కడ "ఒకే పాట, నాలుగుసార్లు" అని రాసి, కుంచె కడిగి, రెండో చరణం వినడానికి వాళ్ల పక్కకి జరిగి కూచుంది.